మహిళల రగ్బీ లీగ్ ఆడుతూ బతకొచ్చా? ఎన్నేళ్లు ఆడొచ్చు?

డిగ్రీ చదువుతూ రగ్బీ సెవెన్స్ ఆడుతున్నానని, ఆస్ట్రేలియా వస్తే రగ్బీ లీగ్‌ని వృత్తిగా పెట్టుకోవచ్చా అని అడిగారు. పెట్టుకోవచ్చు, కానీ ఇంకా కొద్దిమందికే ఆ అదృష్టం. ఎన్నేళ్లు అంటే మాత్రం అందరూ మోకాలు ఎన్నాళ్లు నిలుస్తుందని లెక్కేస్తారు. నేను చూసినంతలో ఆడపిల్లల ఆట మోకాలి కన్నా ముందు డ్యూటీ చార్టు దగ్గర ఆగిపోతుంది.

నేను బ్రిస్బేన్ పక్కన ఇప్స్‌విచ్‌లో ఉంటాను. ఏజ్డ్ కేర్‌లో పని, అంటే వృద్ధుల్ని చూసుకునే చోట. నరసరావుపేటలో ఇంటర్ దాకా కబడ్డీ ఆడాను. అందుకే ఇక్కడికొచ్చి టీవీలో ఈ ఆట చూడగానే, రైడర్‌ని పట్టినట్టే ఉందే అనుకున్నాను. ఇంకో మాట, మనవాళ్లు చాలామంది దీన్నీ రగ్బీ యూనియన్‌నీ ఒకటే అనుకుంటారు. అది పదిహేనుమంది ఆట, ఇది పదమూడుమంది ఆట. మీరు ఆడే సెవెన్స్, అంటే ఏడుగురి ఆట, యూనియన్ వైపుది. అలాగని అటు నుంచి ఇటు రాకూడదని లేదు. ఎమ్మా టోనెగాటో 2016 రియో ఒలింపిక్స్‌లో సెవెన్స్ బంగారు పతకం గెలిచి, తర్వాత లీగ్‌కి తిరిగొచ్చి, ఉత్తమ క్రీడాకారిణికిచ్చే డాలీ ఎమ్ మెడల్‌ని మిల్లీ బాయిల్‌తో పంచుకుంది.

మా ఇప్స్‌విచ్ అమ్మాయి అలీ బ్రిగిన్‌షా కథ మీకు తెలియాలి. ఆస్ట్రేలియా జట్టులోకి 2009లో వచ్చింది. ఆడవాళ్ల జాతీయ లీగ్, ఎన్ఆర్ఎల్‌డబ్ల్యూ, మొదలైందేమో 2018లో, అదీ నాలుగే జట్లతో. దేశం జెర్సీ వేసుకున్న తొమ్మిదేళ్లకు గానీ ఆడుకోవడానికి ఒక లీగ్ దొరకలేదన్నమాట. అప్పటికే ఆమెకి 28. మొదటి మూడు టైటిళ్లూ ఆమె జట్టు బ్రిస్బేన్ బ్రాంకోస్‌వే. 2025 ఫైనల్లో సిడ్నీ రూస్టర్స్‌ని 22-18తో ఓడించి మళ్లీ కప్పు ఎత్తినప్పుడు ఆమెకి 35. మోకాళ్ల మాట ఎత్తేవాళ్లకి నేను ఈ లెక్కే చెప్తాను.

రువాన్ సిమ్స్‌ది ఇంకో కథ. ఆమె సోదరులు ఆష్టన్, టారిక్, కార్బిన్ ముగ్గురూ మగవాళ్ల జాతీయ లీగ్ ఎన్ఆర్ఎల్‌లో ఆడారు, వాళ్లకి ఆటే జీతం. ఆస్ట్రేలియాకి కెప్టెన్‌గా చేసిన రువాన్ మాత్రం ఫైర్ సర్వీసులో ఉద్యోగం చేసుకుంటూ ఆడింది. ఒకే ఇంట్లో పుట్టిన పిల్లలు!

ఇప్పుడు నయమే. 2023లో ఆడవాళ్లకి తొలిసారి ఉమ్మడి వేతన ఒప్పందం కుదిరింది. ఆ ఏడాది కనీస జీతం 30 వేల డాలర్లు, 2027కి 50 వేలు దాటుతుంది. దాన్ని రూపాయల్లోకి మార్చి సంబరపడకండి. 30 వేలంటే ఇక్కడ ఏజ్డ్ కేర్‌లో ఏడాదంతా ఫుల్‌టైమ్ చేసేవాళ్లకి వచ్చేదానికన్నా తక్కువ. దానికోసం ఉన్న ఉద్యోగం వదలాలంటే ఎవరికైనా గుండె జారుతుంది.

ఇదంతా నాకు అర్థమైంది నాతో పనిచేసే ఒకమ్మాయి వల్ల. తను ఆ లీగ్‌కి ఒక మెట్టు కింద, రాష్ట్రస్థాయి పోటీల్లో ఆడేది. వచ్చే డబ్బు పెట్రోలుకి కూడా చాలేది కాదు.

2024 జూన్ 6, గురువారం. ఇద్దరిదీ సాయంత్రం షిఫ్టే. హాల్లో టీవీలో స్టేట్ ఆఫ్ ఆరిజిన్, అంటే మా క్వీన్స్‌ల్యాండ్ రాష్ట్రానికీ పక్క రాష్ట్రం న్యూ సౌత్ వేల్స్‌కీ మధ్య పోటీ, రెండో మ్యాచ్ వస్తోంది, న్యూకాసిల్ నుంచి. ఆడవాళ్లకి మూడు మ్యాచ్‌ల సిరీస్ పెట్టడం ఆ ఏడాదే మొదలు. మొదటిది మా బ్రిస్బేన్‌లోనే న్యూ సౌత్ వేల్స్ 22-12తో పట్టుకుపోయింది. ఇదీ పోతే సిరీస్ పోయినట్టే. ఎనభై దాటిన ఒక తాతగారు, పుట్టి పెరిగిందంతా క్వీన్స్‌ల్యాండే, మా జట్టు రంగైన మెరూన్ దుప్పటి కాళ్ల మీద కప్పుకుని అందరికన్నా ముందు కూర్చున్నారు. మా షిఫ్ట్ అమ్మాయి టీ బండి తోసుకుంటూ తిరుగుతోంది. మంగళవారం ప్రాక్టీసులో దెబ్బ తగిలి, ఎడమచేతి ఉంగరం వేలూ చిటికెన వేలూ కలిపి టేపు చుట్టుకుంది. దాని మీద గ్లవ్ ఎక్కక ఒక సైజు పెద్దది తొడుక్కుంది. కప్పులు అందిస్తోందన్నమాటే గానీ చూపంతా టీవీ మీదే.

ఆట చివరి నిమిషాలు. స్కోరు 10-10. మా లారెన్ బ్రౌన్ డ్రాప్ గోల్ కొట్టింది, అంటే బంతిని నేలకి వదిలి గోల్‌పోస్టుల మీదుగా తన్నడం, పడితే ఒక పాయింటు. బంతి గాల్లో ఉండగానే తాతగారు వాకర్ సంగతి మర్చిపోయి దిగ్గున లేచారు. దుప్పటి పాదాలకి చుట్టుకుంది, ఒక చెప్పు జారింది, మనిషి ముందుకు తూలారు. నేను నాలుగడుగుల దూరంలో ఉన్నాను, నోట్లోంచి కేక వచ్చింది తప్ప కాలు కదల్లేదు. తను బండి వదిలేసి రెండే రెండు పొట్టి అడుగులు వేసింది. మోకాళ్లు వంచి, కుడి పాదం ఆయన రెండు పాదాల మధ్య దించి, తల ఆయన పక్కటెముకల పక్కకి తప్పించి, భుజం నడుము కిందికి ఆనించి, రెండు చేతులూ వెనక్కి చుట్టేసింది. అచ్చంగా ట్యాకిల్, ఆటలో బంతి పట్టుకున్నవాళ్లని ఆపే పట్టు. కింద పడేయడం ఒక్కటే లేదు. బరువంతా తన ఒంటి మీదికి తీసుకుని, ఆయన్ని మెల్లగా మళ్లీ కుర్చీలోకి దింపింది.

"పడిందా?" అని అడిగారాయన, గోల్ గురించి.

"11-10, మనమే," అంది తను, ఇంకా ఆయన నడుము వదలకుండానే.

తర్వాత వంటగదిలో వేళ్లకి ఐస్ పెట్టుకుంటుంటే, నువ్వు ఉండాల్సింది అక్కడ కదా అన్నాను. అప్పుడు చెప్పింది. 2023లో లీగ్ ఆరు జట్ల నుంచి పదికి పెరిగినప్పుడు ఒక క్లబ్బు తనని ప్రీ-సీజన్ ట్రయల్‌కి పిలిచిందట. పన్నెండు వారాలు. కాంట్రాక్టు దొరుకుతుందన్న మాట లేదు. అప్పుడు తను వేరేచోట పనిచేసేది. జీతం లేని సెలవైనా ఇవ్వమని అడిగితే, డ్యూటీ చార్టు కుదరదు, కావాలంటే మానేసి వెళ్లు, తిరిగొచ్చాక మళ్లీ అప్లై చేసుకో అన్నారట. ఇంటి అద్దె ఉంది, కారు లోను ఉంది. వెళ్లలేదు. మరుసటి ఏడు ఆ క్లబ్బు ఫోనే చేయలేదు. అప్పటికి తనకి 26. మోకాలు బాగుంది, భుజం బాగుంది.

నాకు మన రైల్వే గుర్తొచ్చింది. మా పిన్ని కూతురు కబడ్డీ మీద స్పోర్ట్స్ కోటాలో దక్షిణ మధ్య రైల్వేలో చేరింది. జీతం గొప్పదేం కాదు, కానీ క్యాంపు అంటే సెలవు దొరికేది, తిరిగొస్తే కుర్చీ అక్కడే ఉండేది. 2023లో హాంగ్‌ఝౌ ఆసియా క్రీడల్లో చైనీస్ తైపీని 26-25తో ఓడించి బంగారం తెచ్చిన మన జట్టు కెప్టెన్ రీతూ నేగి రైల్వే ఉద్యోగే. ఈ ఒక్క విషయంలో డబ్బున్న ఆస్ట్రేలియా మన దగ్గర నేర్చుకోవాలి. మనం నేర్చుకోవాల్సిందీ ఉంది. మగవాళ్లకి ప్రో కబడ్డీ 2014 నుంచి నడుస్తోంది. ఆడవాళ్లకి 2016లో మూడు జట్లతో ఒక పోటీ పెట్టి, దాన్ని కొనసాగించలేదు. నాకు దీని మీద చాలా కోపం ఉంది.

నా కూతురు పోయినేడు పన్నెండేళ్లకి ఇక్కడి క్లబ్బులో చేరింది. చుట్టాల ఫోన్లన్నీ ఒకటే పాట: ఎండకి నల్లబడుతుంది, ముక్కు విరిగితే పెళ్లెలా? తల ఎటు పెట్టి ట్యాకిల్ చేయాలో నేర్పుతున్నారా అని ఒక్కరూ అడగలేదు. అడగాల్సింది అదీ. తల ఎదుటిమనిషికి అడ్డంగా పెడితే నిజంగానే ప్రమాదం. ఆ నేర్పేది మా షిఫ్ట్ అమ్మాయే, ప్రతి మంగళవారం సాయంత్రం. ఆ షిఫ్ట్ నేను చేస్తాను, నా శుక్రవారం తను చేస్తుంది.

మీకు ఏ క్లబ్బు నుంచైనా ఫోన్ వస్తే మొదట జెర్సీ రంగు చూసి మురిసిపోకండి. ట్రయల్ ఎన్ని వారాలు, ఆ వారాలకి డబ్బు ఇస్తారా, ఉండడానికి చోటు చూపిస్తారా, దెబ్బ తగిలితే ఖర్చెవరిది, ఈ నాలుగూ రాతపూర్వకంగా అడగండి. ఇప్స్‌విచ్ వైపు వస్తే మాత్రం మెసేజ్ పెట్టండి, మా ఇంట్లో ఒక గది ఖాళీగా ఉంది.