కొమ్ములన్న కోసం ఉల్లిగడ్డల ఆటో వెనక

"ఆన్‌లైన్ గేమ్‌లో కలిసి ఆడిన ఫ్రెండ్ యూజర్‌నేమ్ పోయింది, మళ్ళీ ఎలా పట్టుకోవాలి? నా ఐడీ నలుగురికీ ఇస్తే ప్రమాదమా?" అని అడిగారు. రెండోదానికి ముందు జవాబు చెప్తాను. ఐడీ నంబర్ ఇస్తే ఏమీ కాదు, మైక్ ఆపుకోండి. నేను ఒకడి ఇల్లు పట్టుకున్నది ఐడీతో కాదు, ఉల్లిగడ్డలతో. ఆ కథ చెప్పాలనే ఈ జవాబు రాస్తున్నాను, కాబట్టి కాస్త ఓపిక పట్టండి.

మా రోజుల్లో ఈ వెతుకులాటే లేదు. 2005లో ఇంటర్ చదివేటప్పుడు దిల్‌సుఖ్‌నగర్‌లో ఒక నెట్ సెంటర్‌కి పోయేవాళ్ళం. గంటకి ఇరవై రూపాయలు, కౌంటర్ స్ట్రైక్ 1.6, ఒకే గదిలో పన్నెండు సిస్టమ్‌లు. ఆటలో పేరు ఆ కంప్యూటర్‌లోనే సేవ్ అయి ఉండేది, దాన్ని మార్చే ఓపిక ఎవడికీ ఉండేది కాదు. ఏడో సిస్టమ్ మీద కూర్చుంటే నీ పేరు 'లక్కీ', తొమ్మిదో దాని మీద కూర్చుంటే 'కిల్లర్ బాబు'. నేను రెండు నెలలు లక్కీగా చచ్చాను. అసలు లక్కీ ఎవడో ఇప్పటికీ తెలియదు. మనల్ని చంపిందెవడో తెలియాలంటే కుర్చీలోంచి లేచి "ఎవడ్రా తొమ్మిది?" అని అరిస్తే చాలు, చెయ్యి లేపేవాడు.

ఇప్పుడు అలా కాదు. పేరు ఒకటి, దాని వెనక నంబర్ ఒకటి. కంప్యూటర్ గేములు కొనుక్కునే స్టీమ్‌లో ఒకే పేరు వేలమందికి ఉండొచ్చు, అసలు గుర్తు దాని వెనకున్న పదిహేడు అంకెల సంఖ్య. వాలొరాంట్‌లో పేరు తర్వాత హ్యాష్ పెట్టి ఒక తోక ఉంటుంది, ఆ తోక లేకుండా వెతికితే దొరకడు. క్లాష్ ఆఫ్ క్లాన్స్‌లో హ్యాష్‌తో మొదలయ్యే ట్యాగ్. మా పెద్దమ్మ కొడుకు ఒకసారి ఫోన్‌లో తన ట్యాగ్ చదివి చెప్తూ "ఓ" అన్నాడు. నేను ఓ అక్షరమే కొట్టుకుంటూ అరగంట కూర్చున్నా. తర్వాత తెలిసిందేంటంటే ఆ ట్యాగుల్లో ఇంగ్లిష్ ఓ అన్నదే ఉండదట, అది సున్నా. మనవాళ్ళు ఫోన్ నంబర్ చెప్పేటప్పుడు కూడా సున్నాని ఓ అనే అంటారు. ఈ అలవాటు ఎప్పటికి పోతుందో.

కాబట్టి మొదటి ప్రశ్నకి నా సలహా ఇంతే. నచ్చినవాడు దొరికితే పేరు కాదు, నంబర్ రాసిపెట్టుకోండి. ఆట అయిపోగానే ఈమధ్య కలిసి ఆడినవాళ్ళ లిస్ట్ చూడండి, చాలా గేముల్లో ఉంటుంది. నాలుగు రోజులు పోతే ఆ లిస్ట్‌లోంచి జారిపోతారు. ఇక నంబర్ ఇస్తే అకౌంట్ పోతుందని భయపడేవాళ్ళకి ఒక మాట. పబ్‌జీకి ఇండియా వెర్షన్ అయిన బీజీఎంఐలో యూసీ, అంటే ఆటలో ఖర్చుపెట్టే డబ్బు, వేయించుకోవాలంటే అడిగేది ఆ ఐడీ నంబరే. అది ఇంటి నంబర్ లాంటిది, తాళంచెవి కాదు. తాళంచెవి అంటే పాస్‌వర్డ్, ఓటీపీ. "ఫ్రీ యూసీ ఇస్తాం" అనే లింకులో అవి కొట్టి, తర్వాత "నా ఐడీ షేర్ చేసినందుకే పోయింది" అని ఏడ్చేవాళ్ళని చూస్తే నాకు జాలి కూడా రాదు.

ఇక ఫ్యాన్సీ పేర్లు. బీజీఎంఐలో ఒకసారి ఒకరు తీసుకున్న పేరు ఇంకొకరికి రాదు, అందుకని జనం పేరుకి అటూ ఇటూ ఎక్కడెక్కడి లిపులో తెచ్చి అతికిస్తారు. కొరియన్ లిపిలో ఖాళీగా కనిపించే అక్షరం ఒకటుంది, అది పెట్టుకుని పేరే లేకుండా తిరిగేవాళ్ళు కూడా ఉన్నారు. స్టార్‌క్రాఫ్ట్ 2లో పెద్ద పెద్ద ప్లేయర్లు పెద్ద ఐ, చిన్న ఎల్ అక్షరాలు వరుసగా పేర్చి బార్‌కోడ్ లాంటి పేరుతో ఆడతారు, ప్రాక్టీస్‌లో ఎదుటివాడు తమని గుర్తుపట్టకూడదని. వాళ్ళకి ఒక కారణం ఉంది. కొత్తపేటలో కూర్చుని అట్టడుగు ర్యాంక్ బ్రాంజ్‌లో ఆడేవాడికి ఏం కారణం? యూట్యూబ్ ఛానెల్ లేకపోయినా పేరు చివర వైటీ పెట్టుకునేవాళ్ళ గురించి ఇంకోసారి రాస్తా.

సరే, కథ.

2020 లాక్‌డౌన్. ఆఫీసు ఇంట్లోనే. మీటింగ్‌కీ మీటింగ్‌కీ మధ్య పబ్‌జీ. నేను, ఆఫీసులో ఒకతను, వరంగల్‌లో ఉండే మా బామ్మర్ది. నాలుగోవాడు ర్యాండమ్‌గా కలిసి మాతోనే ఉండిపోయాడు. వాడి పేరుకి రెండు పక్కలా చైనా అక్షరాల్లాంటివి, ఎద్దుకి కొమ్ముల్లా వంపు తిరిగి ఉండేవి. నోటితో పలకలేక 'కొమ్ములన్న' అనేవాళ్ళం. మైక్‌లో తక్కువే మాట్లాడేవాడు. గచ్చిబౌలిలో జాబ్ అన్నాడు. మధ్యలో "మీటింగ్ నడుస్తుందన్నా" అని మ్యూట్ చేసుకునేవాడు. గొంతు సన్నగా ఉండేది. కొంతమందికి అలాగే ఉంటుంది కదా.

కానీ వాడి మైక్ మాత్రం వాగుడుకాయ. దడదడమని ఒక మోత వచ్చేది. "వెనక హెలికాప్టర్ దిగుతుందా అన్నా?" అని మా బామ్మర్ది ఏడిపిస్తే "గిర్నీ అన్నా, పిండి గిర్నీ" అన్నాడు. ఒకసారి ఒక ఆడగొంతు "చింటూ, పాలు పొంగుతున్నయ్!" అంది. మేం నవ్వలేదు. మా ఇంట్లో నన్ను ఇప్పటికీ బుజ్జి అనే పిలుస్తారు.

ఇంకోటి ఉల్లిగడ్డల ఆటో. మాకు మలక్‌పేట గంజ్ దగ్గరే కాబట్టి ఉల్లిగడ్డల ఆటోలు గల్లీ గల్లీ తిరుగుతాయి. అందులో ఒకతను "వంద రూపాలకు అయిదు కిలోలు, రావాలమ్మా రావాలి" అని రికార్డ్ చేసుకుంటూ మధ్యలో గట్టిగా దగ్గాడు. ఆ దగ్గుతో సహా పొద్దంతా స్పీకర్‌లో తిరిగేది. కరోనా రోజులు. ఆ ఆటో రాగానే మా అమ్మ కిటికీలు మూసేసేది, స్పీకర్‌లోంచి అంటుకుంటుందన్నట్టు. ఒకరోజు మ్యాచ్ మధ్యలో కొమ్ములన్న మైక్‌లో అదే పాట వినిపించింది, అదే చోట దగ్గుతో. పావుగంటకి మా గేటు ముందు అదే ఆటో. నవ్వుకుని వదిలేశా.

2020 సెప్టెంబర్ 2న 118 యాప్‌లని బ్యాన్ చేశారు, అందులో పబ్‌జీ మొబైల్ ఒకటి. స్టోర్‌లోంచి తీసేసినా ఫోన్‌లో ఉన్నవాళ్ళకి కొన్నాళ్ళు నడిచింది. అక్టోబర్ 30తో ఇక్కడ సర్వర్లు కూడా ఆగిపోయాయి. చివరి రాత్రి నా తలకి ఏమీ లేకపోతే కొమ్ములన్న తన లెవెల్ త్రీ హెల్మెట్ తీసి కింద పడేసి "తీస్కో అన్నా, నాకెందుకు" అన్నాడు. ఏడు నెలలు రోజూ ఆడాం. ఫోన్ నంబర్ అడగాలని ఒక్కడికీ తట్టలేదు.

2021 జులై 2న బీజీఎంఐ వచ్చింది. కొత్త గేమ్, కొత్త నంబర్లు. నా పేరు నాకు మళ్ళీ దొరికింది. కొమ్ములన్న పేరు వెతుకుదామంటే ఆ కొమ్ములు కొట్టేదెలా? నా దగ్గరున్నది ఒక పాత స్క్రీన్‌షాట్. ఫోటోలోంచి అక్షరాలు కాపీ చేయడం అప్పట్లో నాకు చేతకాలేదు. అవే పోలికలున్న గుర్తులు నెట్‌లో వెతికి, అతికించి, ముగ్గురికి రిక్వెస్ట్‌లు పెట్టా. ఒకడు హిందీలో తిట్టాడు. ఒకడు రాయల్ పాస్ కొనిపెట్టమన్నాడు. మూడోవాడు అసలు ఆన్‌లైన్‌కే రాలేదు.

ఆగస్టులో ఒక ఆదివారం కిటికీలోంచి ఆ దగ్గు వినపడింది. అమ్మ కిటికీ మూసింది. నేను చెప్పులేసుకుని కిందికి ఉరికాను.

"అన్నా, మా గల్లీకి వచ్చే ముందు ఏ గల్లీకి పోతవ్?"

"ఎందుకు సార్?"

"ఊకెనే."

"ముందు తీస్కోండ్రి సార్, చెప్త."

అయిదు కిలోలు కొన్నా. మూడు గల్లీలు చెప్పాడు. అందులో గిర్నీ ఉన్నది ఒక్కదాంట్లోనే. సంచి భుజాన వేసుకుని నడిచి పోయా. గిర్నీ అతన్ని "చింటూ వాళ్ళ ఇల్లు?" అని అడిగితే పిండి చేత్తోనే పై అంతస్తు చూపించాడు. అంతే, పది నిమిషాల పని. ఐడీ లేదు, యూజర్‌నేమ్ లేదు.

బెల్ కొడితే ఒకామె తలుపు తీసి నా సంచి చూసింది. "మాకొద్దు, ఇప్పుడే తీస్కున్నం."

"కాదండీ, చింటూ ఉన్నాడా?"

"మీరెవరు?"

"ఫ్రెండ్‌ని."

ఆమె నా గడ్డంలో తెల్లవెంట్రుకలు చూసింది. సంచి చూసింది. మళ్ళీ గడ్డం చూసింది. "మా చింటుకా? వాడు పరీక్షలు లేక మొన్ననే టెన్త్ పాసైండు." ఆమె వెనక నుంచి ఒక పిల్లవాడు తొంగి చూశాడు. మీసం కూడా మొలవలేదు. చేతిలో ఫోన్.

నా నోట్లోంచి "కొమ్ములన్నా?" అని వచ్చేసింది.

వాడి మొహంలో రంగు దిగిపోయింది. "ఎవరో నాకు తెల్వదు మమ్మీ."

"మీ నంబర్ ఇయ్యుండ్రి, వాళ్ళ డాడీతోని మాట్లాడిపిస్త" అని ఆమె గట్టిగానే అంది. ఇచ్చాను, ఇవ్వకపోతే ఇంకా అనుమానం కదా. మెట్లు దిగి గల్లీ చివరికి వచ్చాక తెలిసింది, ఉల్లిగడ్డల సంచి వాళ్ళ గుమ్మం దగ్గరే వదిలేశానని.

ఇంటికొచ్చి ఇదంతా పెద్ద డిటెక్టివ్ లాగా మా ఆవిడకి చెప్పా. ఆమె కూరగాయలు తరగడం ఆపింది. "ముప్పై మూడేళ్ళ మనిషి ఎవడో మన పాప ముద్దుపేరు అడుక్కుంటూ మన గేటు దాకా వస్తే నువ్వేం చేస్తవ్?" అంది. దానికి నా దగ్గర జవాబు లేదు. ఆ రాత్రి ఫోన్ మోగినప్పుడల్లా వాళ్ళ డాడీయే అనుకున్నా. ఆయన చెయ్యలేదు. చేసి నాలుగు తిట్టి ఉంటే బాగుండేది.

మా పాపకి ఇప్పుడు పదకొండేళ్ళు, రోబ్లాక్స్ ఆడుతుంది. తన యూజర్‌నేమ్ ఎవరికి ఇచ్చిందో నేను అడగను. వాయిస్ మాత్రం ఆఫ్. తన స్కూల్ బస్సు హారన్ సినిమా పాటలా మోగుతుంది, ఊరంతటికీ ఆ హారన్ బస్సు అదొక్కటే.

చింటూ వాళ్ళింటికి పోయొచ్చిన వారం తర్వాత బీజీఎంఐలో నాకు ఒక రిక్వెస్ట్ వచ్చింది. కొమ్ముల్లేవు, మామూలు పేరు. ఒప్పుకోగానే మెసేజ్. "అంకుల్ సారీ. మమ్మీ ముందు భయమైంది. ఇంటికి రావద్దు ప్లీజ్. ఉల్లిగడ్డలు మమ్మీ వాడేసింది."

ఏడు నెలలు అన్నా అన్నవాడు అంకుల్ అయ్యాడు. సరేలే అనుకుని, నా ఐడీ ఎలా దొరికిందని అడిగా.

"మీ పేరు మలక్‌పేట్36 కదా అంకుల్. కొట్టిన, వచ్చింది."

నిజమే. 500036లో చివరి రెండు అంకెలు, స్టైల్‌గా ఉంటుందని పెట్టుకున్నా.

"మాది కూడా అదే పిన్‌కోడ్. మీరు పక్కనే అని నాకు ఫస్ట్ నుంచే తెలుసు. అందుకే మైక్‌లో ఎక్కువ మాట్లాడలే."

ఇది చదివి నా మొదటి మాట తప్పని మీరు అంటారు. కాదు. నంబర్ వల్ల ఎవరికీ ఏమీ కాలేదు. పేరులో పిన్‌కోడ్ పెట్టుకున్నది నేను, అది నా తెలివి. ఆ సాయంత్రమే ఆటలో పేరు మార్చుకునే రీనేమ్ కార్డ్ తీసి 'లక్కీ' అని కొట్టాను. ఎవడో అప్పటికే తీసేసుకున్నాడు.