అగ్రిమెంట్‌లో రెండు లైన్లు మారాకే ఫ్లాట్ సంగతి

ప్రశ్న: నా వయసు 38. పదమూడేళ్లుగా సినిమాలకు, సీరియళ్లకు రాస్తున్నాను. మణికొండలో అద్దె ఇల్లు, నెల ఖర్చు 55,000. నా భార్య ప్రైవేటు స్కూల్లో టీచర్, జీతం 22,000. పాప మూడో తరగతి. ఒక సీరియల్‌కు ఎపిసోడ్‌కు 1,200 చొప్పున నెలకు 30,000 దాకా వస్తుంది. 2024-25లో అన్నీ కలిపి ఆరున్నర లక్షలు, 2025-26లో 14 లక్షలు వచ్చాయి. ఇప్పుడు ఒక పెద్ద సినిమాకు స్క్రీన్‌ప్లే, మాటలు 18 లక్షలకు ఒప్పుకున్నాను. అడ్వాన్స్ 4 లక్షలు ఇచ్చారు. షూటింగ్ మొదలైతే 4, డబ్బింగ్ ముందు 5, రిలీజ్ ముందు 5 అన్నారు. అందులో కొంత క్యాష్‌గా ఇస్తామంటున్నారు. పూర్తి అగ్రిమెంట్ ఇంకా రాలేదు. ఫస్టాఫ్ రాసి ఇచ్చేశాను. బ్యాంకులో 9 లక్షలు, క్రెడిట్ కార్డు బాకీ 1.6 లక్షలు ఉన్నాయి. సీరియల్ మానేసి 70 లక్షల ఫ్లాట్ తీసుకోవచ్చా? టీడీఎస్ కట్ అయింది కాబట్టి ఐటీ రిటర్న్ అక్కర్లేదంటున్నారు, నిజమేనా?

జవాబు:

ముందు మీకు వచ్చే డబ్బు గురించి చెబుతాను. మీరు అసలు అడగనిది, నాకు అన్నిటికన్నా ముఖ్యంగా కనిపించినది అదే.

ఈ సినిమాకు అడ్వాన్స్ పోను మీకు రావాల్సిన 14 లక్షల్లో ఒక్క రూపాయి కూడా మీ పనికి ముడిపడి లేదు. మీ పని స్క్రిప్టు రాసివ్వడం. షూటింగ్ ఎప్పుడు మొదలవుతుందో హీరో డేట్స్‌నిబట్టి, ఫైనాన్స్‌నిబట్టి ఉంటుంది. డబ్బింగ్, రిలీజ్ కూడా మీ చేతిలో లేనివే. మీరు బౌండ్ స్క్రిప్టు, అంటే సీన్లు, మాటలతో పూర్తయిన స్క్రిప్టు, బల్ల మీద పెట్టిన రోజున మీ పని ముప్పాతిక వంతు అయిపోతుంది, చేతికి వచ్చింది మాత్రం నాలుగో వంతు కూడా కాదు. 2020 మార్చిలో లాక్‌డౌన్‌తో షూటింగులు ఆగాయి. 2022 ఆగస్టులో నిర్మాతలే ఆపారు. 2025 ఆగస్టులో వేతనాల కోసం సినీ కార్మికులు సమ్మె చేశారు. ఆ మూడుసార్లూ రచయితలు చేసిన తప్పేమీ లేదు. అయినా 'షూటింగ్ మొదలైనప్పుడు' అని రాసుకున్నవాళ్ల పేమెంట్లు అక్కడే నిలిచిపోయాయి.

మా బావగారు ఇరవై ఏళ్లు సీరియళ్లకు, సినిమాలకు రాశారు. ఆయన దగ్గర నల్ల అట్ట డైరీ ఉండేది. ఎడమ పేజీలో వచ్చినవి, కుడి పేజీలో రావాల్సినవి. ఆయన కుడి పేజీ చివర ఉన్న మొత్తం చూసుకుని ఖర్చులు ఒప్పుకునేవారు. ఒకసారి మూడున్నర లక్షలు రావాల్సిన సినిమా సగంలో ఆగిపోయింది. ఆ ఏడాది అక్క గాజులు తాకట్టుకు వెళ్లాయి. డబ్బు సలహాలు చెప్పే ఈ వృత్తిలోకి నేను రావడానికి ఆ డైరీ ఒక కారణం. అందుకే మీ లెక్కలో ఆ 14 లక్షలను సున్నాగా తీసుకున్నాను. మీరూ అలాగే తీసుకోండి.

అలా తీసుకుంటే ఫ్లాట్ ప్రశ్నకు జవాబు త్వరగానే దొరుకుతుంది. 70 లక్షల ఫ్లాట్‌కు బ్యాంకు మహా అయితే 80 శాతం, అంటే 56 లక్షలు ఇస్తుంది. మీరు 14 లక్షలు పెట్టుకోవాలి. స్టాంపు డ్యూటీ, రిజిస్ట్రేషన్‌కు మరో ఐదు లక్షల పైన అవుతుంది. మీ దగ్గర ఉన్నవి 9. వడ్డీ ఎనిమిదిన్నర శాతం అనుకున్నా ఇరవై ఏళ్లకు ఈఎంఐ 48,000 దాటుతుంది. మీ రేటు 18 లక్షలని చెబితే బ్యాంకు మేనేజర్ వినరు, రెండు మూడేళ్ల ఐటీ రిటర్నుల్లో చూపిన ఆదాయం అడుగుతారు. అక్కడ మీ లెక్క ఇంకా బలహీనంగా ఉంది. కాబట్టి ఇప్పుడు వద్దు.

రిటర్న్ అక్కర్లేదని ఎవరు చెప్పారో గానీ, ఆ మాట వింటే మీకు 1.4 లక్షల నష్టం. ప్రొడక్షన్ ఆఫీసు పది శాతం టీడీఎస్ (పేమెంట్‌లోంచి ముందే కోసే పన్ను) కట్ చేసిందంటే అది మీ పేరు మీద ప్రభుత్వం దగ్గర ఉన్న డబ్బు, మీ పన్ను తేలిపోయినట్టు కాదు. ఆదాయపు పన్ను నిబంధనల్లో 'ఫిల్మ్ ఆర్టిస్ట్' అన్న మాటలో కథ, స్క్రీన్‌ప్లే, మాటలు, పాటలు రాసేవాళ్లు కూడా ఉన్నారు. దానివల్ల 50 లక్షల లోపు రాబడి ఉన్న రచయిత అందులో సగాన్నే ఆదాయంగా చూపవచ్చు. మిగతా సగం ఖర్చు కింద పోతుంది, బిల్లులు చూపాల్సిన పని లేదు. 2025-26లో మీకు వచ్చిన 14 లక్షల్లో ఆదాయం 7 లక్షలు. బ్యాంకు వడ్డీ కలిపినా 12 లక్షలకు చాలా దూరం. 2025-26కు కొత్త పన్ను విధానంలో 12 లక్షల దాకా రిబేటు (పన్ను మాఫీ) ఉంది కాబట్టి మీ పన్ను సున్నా. కట్ అయిన 1.4 లక్షలు మొత్తం రిఫండ్‌గా రావాలి. మీ పేరు మీద జమైన పన్ను చూపే 26ఏఎస్ ఫారం తీసి, ప్రతి కంపెనీ కట్ చేసింది మీ పాన్ మీద జమ అయిందో లేదో చూసుకుని ఈ నెలలోనే రిటర్న్ వేయండి. ఫ్లాట్‌కు బ్యాంకు అడిగే కాగితం కూడా ఇదే.

క్యాష్ సంగతి. ఒకే పని తాలూకు డబ్బు రెండు లక్షలు, ఆ పైన నగదుగా తీసుకుంటే, తీసుకున్న మొత్తమంతా జరిమానాగా పడే నిబంధన ఉంది. ఆ జరిమానా ఇచ్చినవాళ్లకు కాదు, పుచ్చుకున్న మీకు. పైగా క్యాష్‌లో వచ్చినది రిటర్న్‌లో కనిపించకపోతే లోన్‌కు పనికిరాదు, రేపు గొడవ వస్తే రుజువూ ఉండదు. పేరు పడకుండా వేరేవాళ్ల కోసం రాసే ఘోస్ట్ రైటింగ్ చేసిన వాళ్లకు ఈ బాధ బాగా తెలుసు. అంతా బ్యాంకు ద్వారానే ఇవ్వమనండి.

ఇక 9 లక్షలు. కార్డు బాకీ 1.6 లక్షలు ఈరోజే కట్టేయండి. కార్డు వడ్డీ సాధారణంగా ఏడాదికి 36 శాతం పైనే ఉంటుంది. ఏ పెట్టుబడీ మీకు నమ్మకంగా అంత తెచ్చిపెట్టదు. మిగిలిన 7.4 లక్షల్లో 5 లక్షలు ఎఫ్‌డీలో వేసి, మీ శ్రీమతి గారికి కూడా తెలిసేలా పక్కన పెట్టండి. సీరియల్ పూర్తిగా పోయినా, ఆవిడ జీతం పోను మీ ఇంటికి నెలకు కావాల్సింది 33,000. ఆ లెక్కన ఈ 5 లక్షలు 15 నెలలు నడిపిస్తాయి.

మిగతా 2.4 లక్షలతో సీరియల్ సమస్యను కొంతవరకు తీర్చవచ్చు. సీరియల్ ఇప్పుడే మానేయమని చెప్పలేను. గొల్లపూడి మారుతీరావు గారు ఆకాశవాణి ఉద్యోగం చేస్తూనే ఏళ్ల తరబడి సినిమాలకు రాశారు. నెలనెలా డబ్బు వచ్చే చోటు ఒకటి ఉంటే నచ్చని కథకు వద్దు అని చెప్పే ధైర్యం ఉంటుంది. కానీ మీ ఇబ్బందీ నాకు అర్థమవుతుంది. నెలకు 25 ఎపిసోడ్లు రాస్తూ, రాత్రిపూట కథా చర్చల సిట్టింగులకు వెళ్తూ ఒక పెద్ద సినిమా సెకండాఫ్ సరిగ్గా రాయడం కష్టం. ఈ సినిమా మాటలు బాగా పేలితేనే మీ తర్వాతి రేటు పెరుగుతుంది. అందుకని సీరియల్ సగం చేసుకోండి. తోటి రచయితతో పంచుకుని నెలకు 12 ఎపిసోడ్లు రాస్తే టీడీఎస్ పోను 13,000 వస్తుంది. ఇంటికి తగ్గేది 20,000. ఆ 2.4 లక్షలు వేరే ఖాతాలో పెట్టి, ప్రతి నెలా ఒకటో తారీఖున 20,000 ఇంటి ఖాతాలో పడేలా బ్యాంకుకు చెప్పండి. సరిగ్గా ఏడాది వస్తుంది. ఇకముందు సినిమా డబ్బు ఎంత వచ్చినా ముందు ఆ ఖాతాలోకే వెళ్లాలి. ఇంట్లోకి మాత్రం జీతంలా నెలకోసారే రావాలి.

రిఫండ్ రాగానే ముగ్గురికీ కలిపి హెల్త్ పాలసీ, మీ పేరు మీద టర్మ్ పాలసీ తీసుకోండి. మీకు పీఎఫ్ లేదు, ఈఎస్ఐ లేదు. 2025 సెప్టెంబరు 22 నుంచి వ్యక్తిగత పాలసీల మీద జీఎస్టీ కూడా తీసేశారు. మిగిలింది పీపీఎఫ్ అనే ప్రభుత్వ దీర్ఘకాల పొదుపు ఖాతాలో వేయండి. ఏడాదికి 500 వేసినా ఖాతా నడుస్తుంది కాబట్టి డబ్బు రాని సంవత్సరంలో టెన్షన్ ఉండదు. ఒక ఏడాదిలో మీ రాబడి 20 లక్షలు దాటేలా ఉంటే మాత్రం జీఎస్టీ రిజిస్ట్రేషన్ తప్పదు, ఆడిటర్‌ను ముందే కలవండి.

చివరగా ఆ అగ్రిమెంట్. రెండు లైన్లు మార్చమని అడగండి. మొదటిది: 'బౌండ్ స్క్రిప్టు అందజేసిన 15 రోజుల్లో 5 లక్షలు.' ఆ తర్వాత షూటింగ్‌కు, డబ్బింగ్‌కు, రిలీజ్‌కు మూడేసి లక్షలు ఉన్నా ఫర్వాలేదు. మొత్తం అదే 18, నిర్మాతకు అదనపు భారం లేదు. రెండోది: బౌండ్ స్క్రిప్టు తర్వాత రెండు వెర్షన్ల వరకు ఉచితం, ఆపైన ప్రతి వెర్షన్‌కు ఇంత అని. రాసిందే ఏడోసారి రాస్తూ ఇంకో సినిమా వదులుకున్నవాళ్లను చూశాను. టైటిల్ కార్డులో మీ పేరు ఎలా పడుతుందో కూడా రాయించండి. హక్కులు ఎన్నేళ్లకు, ఏ భాషలకు ఇస్తున్నారో స్పష్టంగా ఉండాలి. కాలం రాయకపోతే కాపీరైట్ చట్టం దాన్ని ఐదేళ్లుగా తీసుకుంటుంది. థియేటర్ బయట వాడుకకు రాయల్టీలో రచయిత వాటాను వదులుకోవడానికి ఆ చట్టానికి 2012లో చేసిన సవరణ ఒప్పుకోదు, కాబట్టి 'అన్ని రాయల్టీలూ వదులుకుంటున్నాను' అన్న వాక్యం కనిపిస్తే తీసేయమనండి. అయితే చట్టంలో ఉన్నంత మాత్రాన డబ్బు చేతికి రాదు, దాన్ని ఇంటి లెక్కలో వేసుకోకండి. సంతకానికి ముందు ఒక లాయర్‌కు చూపించండి. మీ స్క్రిప్టును రచయితల సంఘంలో రిజిస్టర్ చేయించండి.

ఇవన్నీ అడిగితే సినిమా పోతుందేమో అని భయపడుతుంటారని తెలుసు. ఫస్టాఫ్ వాళ్లకు నచ్చింది కాబట్టే అగ్రిమెంట్ దాకా వచ్చారు. సెకండాఫ్ ఇంకా మీ దగ్గరే ఉంది. దాన్ని ఇచ్చేశాక ఈ మాట అడిగే అవకాశం ఉండదు. ఈ వారమే ప్రొడక్షన్ మేనేజర్‌తో కూర్చోండి.