సముద్రపు దుంపకీ మనకీ చుట్టరికం ఎలా చెప్పాలంటే

చిట్టితల్లీ,

నీ మెసేజ్ పొద్దున్నే చూశా. సోమవారం నుంచి క్లాసులో కార్డేట్లు, అంటే వెన్నెముక జీవులూ వాటి దగ్గర చుట్టాలూ, మొదలంట, అందులో యూరోకార్డేటా అనే ఉపవర్గం నీ వాటాకి వచ్చిందంట, హెర్డ్‌మానియా అనే సముద్రపు దుంప గురించి పిల్లలకి ఎలా చెప్పాలి పెదనాన్నా అని అడిగావు. ఇది ఫోన్లో తేలే వ్యవహారం కాదమ్మా, అందుకే మధ్యాహ్నం భోజనం అయ్యాక కూర్చుని టైపు చేస్తున్నా, పొడుగైతే ఏమనుకోకు. ముప్పై ఏళ్ళ పైచిలుకు ఈ పాఠం చెప్పాన్నేను, అందులో సగం ఏళ్ళు తలకిందులుగా చెప్పా. ఆ తప్పు నువ్వు మళ్ళీ చెయ్యకూడదని నా తాపత్రయం.

ఏం చేసేవాణ్ణంటే, క్లాసులోకి రాగానే ఫార్మలిన్ సీసా టేబుల్ మీద పెట్టేవాణ్ణి. లోపల బంగాళాదుంపలాంటి ముద్ద, పైన రెండు మొటిమల్లాంటి మూతులు, రంగు ఎప్పుడో పోయింది. సీసా బెంచీ బెంచీకీ తిప్పి, ఇది కార్డేటు, అంటే మనకి చుట్టం, రాసుకోండి అనేవాణ్ణి. ఒక ఏడాది అంతర్వేది వైపు నుంచి వచ్చిన కుర్రాడు, వాళ్ళ నాన్న బోటు మీద వేటకెళ్ళేవాడు, ఆ అబ్బాయి సీసాని అటూ ఇటూ తిప్పి తిప్పి చూసి లేచి నిలబడ్డాడు. "మాస్టారండీ, దీనికి తల లేదు, తోక లేదు, ముల్లు అసలే లేదు. పీతకైనా కళ్ళూ కాళ్ళూ ఉంటాయి కదండీ, పీత కన్నా ఇదెలాగండీ మనకి దగ్గర?" అన్నాడు. నేను పుస్తకంలో ఉంది, పరీక్షకి అదే రాయాలి అని కూర్చోబెట్టేశా. వాడు అడిగింది ఎంత సరైన ప్రశ్నో నాకు ఆ రాత్రి నిద్రపట్టనప్పుడు తెలిసింది. రెండు వేల ఏళ్ళ పాటు పెద్ద పెద్దవాళ్ళంతా వాడు చూసినట్టే చూశారు తల్లీ, అరిస్టాటిల్ దీన్ని గుల్లజాతి జంతువులతో కలిపి రాశాడు, తర్వాత వచ్చినవాళ్ళు కూడా నత్తల పక్కనో గవ్వల పక్కనో పెట్టారు. 1816లో లామార్క్ వీటికి ట్యూనికేటా అని వేరే పేరు పెట్టాడు, మన యూరోకార్డేటాయే అది, గానీ ఆయనకీ ఇది వెన్నెముక జీవుల చుట్టమని తట్టలేదు. తట్టదు కూడా, పెద్దదాన్ని చూస్తే ఎవరికీ తట్టదు.

అందుకని నువ్వు సీసా తియ్యకు. మొదటి రోజు అసలు బయటికి రానీయకు. ముందు ఈ దుంప పిల్ల గురించి చెప్పు.

మన పిల్లలకి అది కష్టమేం కాదు. తొలకరి పడి కాలవలకి నీళ్ళు వదిలాక గట్ల వెంబడి తోకకప్పలు దోసిట్లో పట్టని పిల్లాడు కోనసీమలో ఉంటాడా చెప్పు. బోర్డు మీద ఒక తోకకప్ప బొమ్మ వెయ్యి, ఇదేంటి అని అడుగు, అందరూ ఒక్కసారే చెప్తారు. అప్పుడు దాని పక్కనే ఇంకోటి, అచ్చం అలాంటిదే, కాకపోతే మిల్లీమీటరు అటూ ఇటూ ఉండేది వేసి, ఇది కప్పపిల్ల కాదు, సముద్రంలో రాయికి అతుక్కుపోయి బతికే ఒక దుంపలాంటిదాని పిల్ల అని చెప్పి ఆగు. ఒక నిమిషం వాళ్ళని ఆలోచించుకోనీ.

ఆ తర్వాత తోక లోపలికి తీసుకెళ్ళు. తోక మధ్యలో పొడుగునా ఒక కడ్డీ ఉంటుంది, అదే మన పుస్తకాల్లో పృష్ఠవంశం అంటాం, నోటోకార్డ్. సయోనా అనే ట్యూనికేటు పిల్లలో ఆ కడ్డీలో ఉండేవి సరిగ్గా 40 కణాలే, నాణేలు దొంతరగా పేర్చినట్టు ఒకదాని వెనక ఒకటి. ఈ నలభై అన్న మాట తప్పకుండా చెప్పు, నేను చెప్పినప్పుడల్లా పిల్లలు తల ఎత్తి చూసేవారు, ఎందుకంటే లెక్కపెట్టగలిగిన సంఖ్య అది. కడ్డీకి పైన గొట్టంలాంటి నాడీదండం, కడ్డీకి రెండు వైపులా కండరాలు, ముందు భాగంలో వెలుతురు తెలుసుకోవడానికి నల్లటి చుక్క ఒకటి, పైనా కిందా తెలుసుకోవడానికి ఇంకో చుక్క ఒకటి. మనం కూడా అమ్మ కడుపులో పిండంగా ఉన్నప్పుడు ఈ కడ్డీతోనే మొదలయ్యాం, తర్వాత దాని చుట్టూ వెన్నుపూసలు వచ్చాయి, ఆ కడ్డీ మిగులు ఇప్పటికీ మన పూసల మధ్య డిస్కుల్లో మెత్తటి గుజ్జులాగా ఉందని అంటారు. నడుం నొప్పితో బాధపడే తాతలు ఇంటింటా ఉన్నారు కదా, డిస్కు అనగానే వాళ్ళకి ఎక్కుతుంది.

ఈ సంగతి మొదట బయటపెట్టింది రష్యా ఆయన, కొవలెవ్‌స్కీ, 1866లో. ఆయన పెద్ద జంతువుని కోసి చూడలేదు, గుడ్డు నుంచి పిల్ల ఎలా తయారవుతుందో వరసగా చూశాడు. 1871లో డార్విన్ మనిషి పుట్టుక మీద రాసిన పుస్తకంలో ఈ విషయాన్ని ఎత్తుకున్నాడు. పిల్లని చూశాక గానీ చుట్టరికం తేలలేదు, నువ్వూ క్లాసులో ఆ వరసే పట్టుకో.

ఇక పిల్ల ఏమవుతుంది. అది ఏమీ తినదు, నోరు ఇంకా తెరుచుకోదు, కొన్ని గంటలు, మహా అయితే ఒకటి రెండు రోజులు ఈదుతుంది, తర్వాత ముందు భాగంలో ఉన్న మూడు జిగురు మొటిమలతో తలకిందులుగా రాయికో శంఖానికో పడవ అడుక్కో అతుక్కుంటుంది. అక్కడి నుంచి తోక లోపలికి లాగేసుకుంటుంది, కడ్డీ పోతుంది, నాడీదండం పోయి చిన్న నాడీసంధి, అంటే నాడీకణాల ముద్ద, మిగులుతుంది, శరీరం మొత్తం తిరిగి మూతులు పైకి వస్తాయి. దీన్ని తిరోగమన రూపవిక్రియ అంటాం, పరీక్షలో అడిగేది ఇదే, ఇక్కడ మార్కులు పోకూడదు. కానీ ఈ తిరోగమనం అన్న మాట దగ్గర జాగ్రత్తమ్మా. దిగజారిపోయింది, పాడైపోయింది అనే అర్థం పిల్లల బుర్రలో పడిపోతుంది. అదేం కాదు, పిల్ల పని చోటు వెతకడం, పెద్దదాని పని వడగట్టి తినడం, ఏ పనికి ఏది కావాలో అదే ఉంది. ఇంకోటి, ఈ మధ్య వీడియోల్లో ఇది తన మెదడుని తనే తినేస్తుంది అని తెగ తిరుగుతోంది, పిల్లలు కచ్చితంగా అడుగుతారు. నోటితో తినదు నాయనా, పిల్లప్పటి కణజాలం కరిగి శరీరంలోనే కలిసిపోతుంది, పెద్దదానికి కావలసిన నాడీసంధి తయారవుతుంది అని నిదానంగా చెప్పు. గొంగళి సీతాకోకచిలుక అయ్యేటప్పుడు జరిగేది కూడా కొంచెం ఇలాంటిదే కదా.

రెండో రోజు సీసా తియ్యి. ఇప్పుడు యూజీసీ డిసెక్షన్లు ఆపించేసింది కాబట్టి కోసి చూపించే అవకాశం నీకు లేదు, నాకు ఉండేది, దాని బదులు నేను కాకినాడ రేవులో చూసింది చెప్తా, నీ మాటల్లో నువ్వు చెప్పుకో. ఒడ్డుకి లాగిన బోటు అడుగు గోకుతున్నారు, గుల్లలు, నాచు అన్నీ రాలిపడుతున్నాయి, వాటిల్లో ఒక ముద్ద చేతిలోకి తీసుకుని కొంచెం నొక్కా, పై మూతి నుంచి నీళ్ళు చివ్వున చిమ్మి నా చొక్కా ముందంతా తడిసిపోయింది. గోకుతున్న ఆయన "ఆయ్, అది సముద్రపు దుంపండి, ఎందుకూ పనికిరాదండి" అన్నాడు. ఇంగ్లీషులో దాని పేరు సీ స్క్వర్ట్, ఇలా చిమ్ముతుందనే. చేత్తో పట్టుకుంటే తోలులాగా గట్టిగా ఉంది, నొక్కితే వెనక్కొచ్చేది, లోపల ఏదో మెత్తగా ముడుచుకున్నట్టు తెలిసింది. ఎన్నో ఏళ్ళు సీసాలో చూసినా బతికున్నదాన్ని చేత్తో పట్టుకోవడం అదే మొదటిసారి నాకు.

ఆ తోలు సంగతి చెప్పేటప్పుడు కొబ్బరిడొక్క ఒకటి పట్టుకెళ్ళు. కంచుకం, అంటే ట్యూనిక్, దాన్లో ఉండేది సెల్యులోజు. కొబ్బరిపీచులో, పత్తిలో, కాగితంలో ఉండే సెల్యులోజే. జంతువుల్లో సొంతంగా సెల్యులోజు తయారుచేసుకునేవి ఇవి ఒక్కటే, ఆ జన్యువు ఎప్పుడో పూర్వకాలంలో బాక్టీరియా నుంచి వచ్చిందని తేలింది. డొక్క చేతిలో పట్టుకుని ఈ మాట చెప్తే ఊరికే అన్నట్టు ఉండదు.

లోపల అంతా ఒక పెద్ద గ్రసని, అంటే గొంతు భాగం, జల్లెడలా చిల్లులు. ఒక మూతి నుంచి నీళ్ళు లోపలికి, జల్లెడలో వడకట్టు, రెండో మూతి నుంచి బయటికి. జల్లెడ కింద గాడిలా ఉండే ఎండోస్టైల్ అనే భాగం జిగురు విడుస్తుంది, తిండి దానికి అంటుకుంటుంది. ఈ ఎండోస్టైల్ దగ్గర ఆగు, ఇది అయోడిన్‌ని పట్టుకుంటుంది, మన గొంతులో ఉన్న థైరాయిడ్ గ్రంథికి మూలం ఇదే. అయోడిన్ ఉప్పు ప్యాకెట్ అందరి వంటింట్లో ఉంది, చుట్టరికం అక్కడా కనపడుతుంది. గుండె గురించి కూడా చెప్పు, కాసేపు ఒక వైపు రక్తాన్ని తోసి, ఆగి, మళ్ళీ రెండో వైపుకి తోస్తుంది. మన యానాం పాయలో పోటుకి నీళ్ళు ఎగువకీ పాటుకి దిగువకీ పోయినట్టు. కొన్ని జాతుల రక్తకణాల్లో వనేడియం అనే లోహం ఉంటుంది, 1911లో కనుక్కున్నారు, అది దేనికన్నది ఇప్పటికీ వాదనే, అందుకని నువ్వు దానిమీద ఎక్కువసేపు పెట్టకు.

ఇప్పుడు అసలు చిక్కు, వర్గీకరణ. ఇక్కడే నేను చాలా ఏళ్ళు పాత మాట చెప్పేశా. కార్డేటాలో మూడు ఉపవర్గాలు, యూరోకార్డేటా, సెఫలోకార్డేటా, వర్టిబ్రేటా, వీటిల్లో మనకి దగ్గర సెఫలోకార్డేటాలో ఉండే ఆంఫియాక్సస్ అని. చూడ్డానికి చేపపిల్లలా ఉంటుంది, జీవితాంతం నోటోకార్డ్ ఉంటుంది, కండరాలు గదులు గదులుగా ఉంటాయి, ఇంకేం కావాలి అనిపించేది. 2006లో చాలా జన్యువులు ఒకేసారి పోల్చి చూసి ట్యూనికేట్లే వెన్నెముక జీవులకి దగ్గర చుట్టాలని తేల్చారు, 2008లో ఆంఫియాక్సస్ జీనోమ్ వచ్చాక అదే గట్టిపడింది. ట్యూనికేట్లనీ మననీ కలిపి ఆల్ఫాక్టోరీస్ అంటున్నారు. రిటైరయ్యే ముందు రెండేళ్ళు మాత్రమే నేను సరిగ్గా చెప్పగలిగా, అంతకుముందు వెళ్ళిపోయిన బ్యాచ్‌లన్నీ గుర్తొస్తే బాధే.

పిల్లలకి దీన్ని ఎలా చెప్పాలంటే, మన ఇంటి సంగతే చెప్పు. మూడు తరాల అవతలి దాయాది ఒకాయన ఇప్పటికీ మీ తాతలాగే పంచె కట్టి, అదే చేలో వరి వేస్తూ, మాట కూడా అలాగే మాట్లాడతాడు. తాత సొంత తమ్ముడి కొడుకు హైదరాబాదులో ఉద్యోగం, వేషం మారింది, భాష మారింది, పోలికే దొరకదు. వరసలో ఎవరు దగ్గర? తమ్ముడి కొడుకే కదా. పోలిక వేరు, వరస వేరు. ఆంఫియాక్సస్ పాత వేషం నిలబెట్టుకుంది, ట్యూనికేట్లు చాలా వదిలేసుకున్నాయి, వాటి జన్యువులు చాలా వేగంగా మారాయి. అంతే. ఒక్కటి మాత్రం రానీయకు, మనం ఈ దుంప నుంచి పుట్టామని. ఇద్దరికీ ముత్తాత ఒకడే, ఎవరి దారి వాళ్ళది.

యూరోకార్డేటాలో మూడు విభాగాలు, అసిడియేసియా (మన దుంపలు ఇందులోవే, వీటినే అసిడియన్లంటాం), థేలియేసియా, లార్వేసియా, పరీక్షకి అలాగే రాయించు. థేలియేసియా అసలు అసిడియన్ల గుంపు లోపలే పుట్టిందని జన్యువులు చెప్తున్నాయి, అది ఆసక్తి ఉన్నవాళ్ళకి విడిగా చెప్పు. థేలియేసియాలోని సాల్ప్‌లు గొలుసుకట్టుగా తేలుతుంటాయి, ఒక తరం ఒంటరి, తర్వాతి తరం గొలుసు, 1819లో షామిస్సో రాశాడు ఇది. లార్వేసియాలో ఆయికోప్లూరా పెద్దయ్యాక కూడా తోక వదలదు, తన చుట్టూ జిగురుతో ఇల్లు కట్టుకుని, జల్లెడ పూడిపోతే ఆ ఇల్లు వదిలేసి ఇంకోటి కట్టుకుంటుంది, రోజుకి ఎన్నోసార్లు. మొత్తం మూడు వేల జాతుల దాకా ఉన్నాయి. ఏం ఉపయోగం సార్ అని ఒకడు తప్పకుండా అంటాడు, ట్రాబెక్టెడిన్ అనే కేన్సర్ మందు ఒక అసిడియన్ నుంచే వచ్చిందని, 2007లో యూరప్‌లో, 2015లో అమెరికాలో ఒప్పుకున్నారని చెప్పు.

బతికున్నది చూపించాలంటే వానాకాలంలో తీసుకెళ్ళకు. గోదావరి ఎర్రనీరు దిగితే మొగ దగ్గర ఉప్పదనం పడిపోతుంది, ఇవి సముద్రపు జీవులు, మంచినీళ్ళల్లో ఉండవు, కోరంగి మడ అడవుల్లో వెతికి వెతికి పిల్లలు నీరసపడతారు. ఎండాకాలం కాకినాడ రేవు వైపు, ఎన్నాళ్ళుగానో నీళ్ళల్లో నానుతున్న తాళ్ళూ, బోటు అడుగులూ చూడండి. పీకి బకెట్లో వెయ్యొద్దు, సముద్రపు నీళ్ళు ఉన్న గాజు పాత్రలో ఉంచి కదలకుండా చూడమను, మూతులు వాటంతటవే తెరుచుకుంటాయి, ఒక చుక్క రంగునీళ్ళు పై మూతి దగ్గర వదిలితే పక్క మూతి నుంచి వచ్చేది కంటితో కనపడుతుంది. చూశాక మళ్ళీ అక్కడే వదిలెయ్యండి.

ఆదివారం రాజోలు రా. రిటైరయ్యేప్పుడు నా డబ్బులతో కొనుక్కున్న సీసా ఒకటి ఉంది, ఫార్మలిన్ మార్చి పెడతా. తోకపిల్ల స్లైడు కూడా ఉంది, అద్దం మూల కొంచెం చిట్లింది గానీ నోటోకార్డ్ బాగానే కనపడుతుంది. బస్సులో తీసుకెళ్ళేప్పుడు సీసా మూతకి పాలిథిన్ కట్టి ఒళ్ళో పెట్టుకో, పైన రాక్‌లో పెట్టకు.

మీ పెదనాన్న