దోమల మొక్క కొమ్మలు ఎందుకు కుళ్ళుతున్నాయి?

ప్రశ్న: నర్సరీలో ‘దోమల మొక్క’ అని ఇచ్చారు. ఆకు నలిపితే నిమ్మవాసన వస్తుంది. శ్రావణంలో నాలుగు కొమ్మలు గుచ్చి పాలిథిన్ కవరు కప్పాను. వారంలోనే నల్లబడ్డాయి. ఎందుకని?
– ఓ గృహిణి, బరంపురం

జవాబు: మీ దగ్గరున్నది నూనెకు పెంచే సిట్రొనెల్లా గడ్డి కాదండీ, వాసన జెరేనియం. మందారానికి కప్పినట్టు దీనికి కవరు కప్పకూడదు. కాండంలో నీరెక్కువ, ఆకుల మీద నూగు. గాలాడక కోసిన చోటు ఆరకపోతే పిథియం అనే తెగులు చేరుతుంది. కొమ్మ అడుగు నుంచి పైకి నల్లబడి, వేలితో నొక్కితే మెత్తగా జారిపోతే అదే. ఇక ఆ కొమ్మ బతకదు. మట్టితో సహా పారేయండి, ఆ కుండీని కడిగి ఎండలో ఆరబెట్టండి.

బరంపురంలో సముద్రపు తేమ ఉంటుంది కాబట్టి వానాకాలం వదిలేసి కార్తీకం తర్వాత మొదలుపెట్టండి. పూత లేని, మరీ లేతా ముదురూ కాని కొమ్మను 10 సెంటీమీటర్లు, కణుపుకి సరిగ్గా కింద, కొత్త బ్లేడుతో కోయండి. కొసన రెండు మూడు ఆకులుంచి మిగతావి తీసేయండి. కణుపుల దగ్గర పొరల్లాంటి చిన్న రెక్కలు ఉంటాయి, వాటినీ గిల్లేయాలి. చాలామంది అవి వదిలేస్తారు, కుళ్ళు అక్కడే మొదలవుతుంది. తర్వాత ఆరేడు గంటలు నీడలో ఆరనిస్తే కోత మీద పొర కడుతుంది.

రెండు పాళ్ళు ఏటి ఇసుక, ఒక పాలు కోకోపీట్ (కొబ్బరిపీచు పొట్టు) కలిపి, మూడు సెంటీమీటర్ల లోతున గుచ్చండి. ఎరువు వద్దు. ఒకసారి తడిపాక, పైన వేలిగోరంత లోతు పొడారే దాకా నీళ్ళు పోయొద్దు. మొదటి వారం ఆకులు వాలతాయి. దాహమనుకుని నీళ్ళు పోస్తేనే కొమ్మ పోతుంది. ఎండ తగలని వెలుతురులో మూడు నాలుగు వారాలకు వేళ్ళు వస్తాయి. మెల్లగా లాగితే పట్టు తెలిశాక ఆరంగుళాల కుండీలోకి మార్చి, చిగురు తుంచండి, గుబురుగా పెరుగుతుంది.

ప్రశ్న: ఈ దోమల మొక్క కిటికీలో పెడితే దోమలు రావా?
– జయపురం, కొరాపుట్ జిల్లా

జవాబు: వస్తాయి. నూనె ఆకు మీది నూగులోనే ఉండిపోతుంది, నలిపితే తప్ప గదిలోకి రాదు. 1996లో కెనడా శాస్త్రజ్ఞులు ప్రచురించిన పరీక్షలోనూ ఈ మొక్క దోమలను ఆపలేదు. మీది మలేరియా ఉన్న జిల్లా. మొక్కను వాసన కోసం పెంచుకోండి, దోమతెర మాత్రం మానొద్దు.

ప్రశ్న: సిట్రొనెల్లా గడ్డి మధ్యలో ఎండిపోతోంది. మాది నల్లరేగడి. దీన్ని టీలో వేసుకోవచ్చా?
– సిరొంచ, గడ్చిరోలి జిల్లా

జవాబు: టీకి వాడేది నిమ్మగడ్డి, దాని మొదలు తెల్లగా ఉంటుంది. సిట్రొనెల్లా మొదట్లో ఎర్రటి, ఊదా ఛాయ కనిపిస్తుంది. ఇది నూనెకు పెంచే గడ్డి, టీలో వద్దు.

మూడు నాలుగేళ్ళ దుబ్బు మధ్యలో ఎండడం మామూలే. తొలకరి పడగానే తవ్వి, అంచుల్లోని పిలకలను వేళ్ళతో సహా విడదీయండి. ఆకులు జానెడు ఉంచి కోయండి, లేకపోతే వేళ్ళు పట్టేలోగా చెమ్మంతా ఆకుల నుంచే పోతుంది. రేగడిలో నీరు నిలిచి మొదలు కుళ్ళుతుంది కాబట్టి జానెడు ఎత్తు బోదెలు చేసి, రెండడుగులకో రెండు పిలకల చొప్పున నాటండి. నడిమి మోడును మళ్ళీ నాటకండి.