లాస్‌లెస్‌కి డబ్బులు కట్టాను, తేడా ఏదీ?

ప్రశ్న: సార్, డీప్ పర్పుల్ అనే రాక్ బ్యాండ్ ఆల్బమ్ 'మెషీన్ హెడ్' అంటే కాలేజీ రోజుల నుంచి పిచ్చి. అప్పట్లో ఫ్రెండ్ పెన్‌డ్రైవ్‌లో ఇచ్చిన ఎంపీత్రీలే దిక్కు. ఈమధ్య లాస్‌లెస్ (ఎంపీత్రీలా శబ్దంలో కొంత తీసేయకుండా మొత్తం ఉంచే ఫైలు) వచ్చే యాప్‌కి డబ్బులు కట్టి బ్లూటూత్ ఇయర్‌బడ్స్‌లో విన్నాను, తేడా ఏమీ తెలియలేదు. లోపం నా చెవుల్లోనా?
- ఓ పాఠకుడు, బ్రాడీపేట, గుంటూరు

జవాబు: చెవులకేం కాలేదు. లాస్‌లెస్‌లో సాధారణంగా ఉండే సీడీ నాణ్యత అంటే సెకనుకి 1,411 కిలోబిట్లు. అంత డేటా మామూలు బ్లూటూత్‌లో పట్టదు కాబట్టి మీ ఫోనే దాన్ని మళ్లీ కుదించి ఇయర్‌బడ్స్‌కి పంపుతుంది, ఎల్‌డాక్ అనే మంచి కోడెక్ (కుదించి పంపే పద్ధతి) కూడా 990 కిలోబిట్ల దగ్గర ఆగిపోతుంది. అందుకని ముందు వైరున్న హెడ్‌ఫోన్స్ పెట్టండి. ఫోన్‌కి జాక్ లేకపోతే డాక్ (డిజిటల్ డేటాని శబ్ద సంకేతంగా మార్చే చిప్) ఉన్న చిన్న టైప్-సి అడాప్టర్ చాలు, వేలకు వేలు పోయక్కర్లేదు. ఫ్యాన్ కూడా కాసేపు ఆపండి (మే నెలలో గుంటూరులో ఈ మాట అంటే తిడతారని తెలుసు).

అయినా అసలు సంగతి ఫైలులో కన్నా మాస్టరింగ్‌లో, అంటే విడుదలకి ముందు శబ్దాన్ని ఆఖరుసారి సరిచేయడంలో ఉంది. ఈ ఆల్బమ్‌ని 1971 డిసెంబరులో స్విట్జర్లాండ్‌లోని మాంత్రోలో, చలికాలానికి మూసేసిన ఓ హోటల్లో, రోలింగ్ స్టోన్స్ వాళ్ల మొబైల్ స్టూడియో తెచ్చుకుని రికార్డు చేశారు. 1972లో విడుదలైంది. 1997లో వచ్చిన 25 ఏళ్ల ఎడిషన్‌లో బేస్ వాయించిన రోజర్ గ్లోవర్ చేసిన కొత్త మిక్స్‌లు (వాయిద్యాల పాళ్లు మార్చి కలిపినవి) కూడా ఉన్నాయి, అంటే అదే పాట రెండు రకాలుగా దొరుకుతుంది. చాలా పాత రాక్ ఆల్బమ్స్‌ని రీమాస్టర్ పేరుతో గట్టిగా వినబడేలా నొక్కేస్తారు. అలా నొక్కితే డ్రమ్ దెబ్బకీ మిగతా శబ్దానికీ మధ్య ఉండాల్సిన ఎత్తుపల్లాలు పోతాయి, దాన్ని లాస్‌లెస్‌లో పెట్టినా నొక్కేసిన శబ్దమే పొల్లుపోకుండా వినిపిస్తుంది. నన్నడిగితే మంచి మాస్టర్ నుంచి తీసిన 320 కిలోబిట్ల ఎంపీత్రీయే నయం.

తేడా పట్టాలంటే ఈ ఆల్బమ్‌లోని 'స్మోక్ ఆన్ ద వాటర్' పాట మొదలు వినండి. గిటార్ ఒక్కటే వస్తుంది, తర్వాత హైహ్యాట్ (డ్రమ్స్ పక్కన ఉండే జంట తాళాలు), ఆ తర్వాత డ్రమ్స్, ఆఖర్న బేస్. పాత 128 ఎంపీత్రీలో ఆ హైహ్యాట్, సింబల్స్ నీళ్లలో తడిసినట్టు ఉంటాయి. మార్షల్ గిటార్ యాంప్‌లోంచి వచ్చే, బ్యాండ్‌లోని జాన్ లార్డ్ వాయించిన ఆర్గాన్‌ని గిటార్ నుంచి విడదీసి వినడం కూడా కష్టమే. 320కీ లాస్‌లెస్‌కీ మాత్రం తేడా చెప్పడం చాలామందికి కుదరదు, నాకూ చాలా పాటల్లో దొరకదు. తమ్ముడినో చెల్లినో పక్కన కూర్చోబెట్టి, ఏది ఏదో మీకు చెప్పకుండా మార్చమనండి, వాల్యూమ్ రెండింటికీ ఒకేలా ఉండాలి. వైరుతో విన్నా పట్టలేకపోతే వచ్చే నెల డబ్బులు కట్టకండి.

ప్రశ్న: నా దగ్గరున్న ఎంపీత్రీలను ఫ్లాక్ అనే లాస్‌లెస్ ఫైళ్లలోకి మారిస్తే క్వాలిటీ పెరుగుతుందా?
- గవర్నరుపేట, విజయవాడ

జవాబు: పెరగదండీ. పోయిన శబ్దం పోయినట్టే, మెమరీ కార్డు మాత్రం త్వరగా నిండుతుంది.