కోడలు తలుపు తీశాక ఏమైంది?

తమ్ముడూ,

నువ్వు పంపిన స్క్రిప్ట్ రాత్రే చదివా, కోపం తగ్గుతుందేమోనని పొద్దున మళ్లీ చదివా, తగ్గలా. రెండున్నర గంటల సినిమాకి 14 పేజీలేంటయ్యా? స్క్రిప్ట్ ఫార్మాట్‌లో పేజీకి ఒక నిమిషం అని మోటు లెక్క, ఆ లెక్కన 150 దాకా రావాలి. మిగతాదేదంటే "మైండ్‌లో ఫుల్ క్లారిటీ ఉంది సార్, నేరేషన్ ఇస్తా" అంటావు.

ఆ నేరేషన్ అనే మాట వింటేనే నాకు ఒళ్లు మండుద్ది. మొదట్లో ఓ నిర్మాత ఆఫీసులో మూడు గంటలు కథ చెప్పా, రీరికార్డింగ్ (బ్యాక్‌గ్రౌండ్ మ్యూజిక్) కూడా నోటితోనే కొట్టి మరీ, పాపం ఆయన కళ్లు కూడా తుడుచుకున్నాడు. రెండేళ్లకి నా ఇంటర్వెల్ సీన్ ఇంకొకరి పేరుతో తెర మీద చూశా. లాయర్ అడిగింది ఒకటే, కాగితం ఏది? ఐడియాకి కాపీరైట్ ఉండదు, దాన్ని నువ్వు ఎలా రాశావో ఆ రాతకే ఉంటది. నా దగ్గరేముంది, అరిచి అరిచి పోయిన గొంతు తప్ప.

సరే దొంగతనం పక్కన పెట్టు, అసలు జబ్బు వేరే. నోటితో చెప్పేటప్పుడు కథ కుంటే చోట గొంతు పెంచేస్తాం, చేతులు ఊపేస్తాం, ఎదుటోడికీ తెలీదు మనకీ తెలీదు. కాగితం మీదైతే ఆ కుంటు దాగదు. సీరియల్‌కి రాసేటప్పుడు అవతల ఆర్టిస్టులు మేకప్ వేసుకుని కూర్చుంటే ఇవతల నేను సీన్ దించేవాణ్ణి, మధ్యలో ఛానెల్ ఆయన ఫోన్, బ్రేక్ ముందు షాక్ పడాలి అని, ఎవరికి షాకో ఆయనకే తెలీదు. (ఇప్పుడు సిరీస్ వాళ్లకి ఐదో నిమిషంలోపు శవం పడాలంట.) కానీ ఆ దరిద్రంలోనే చెయ్యి ఆడింది నాకు.

ఘోస్ట్‌గా, అంటే పేరు మనది పడకుండా ఇంకొకరికి రాయమంటున్నారు, రాయనా అన్నావు. హాలీవుడ్ రచయిత డాల్టన్ ట్రంబో, కమ్యూనిస్టు ముద్ర వేసి పని ఇవ్వకూడదన్న వాళ్ల బ్లాక్‌లిస్ట్‌లో ఉండి వేరేవాళ్ల పేర్ల చాటున రాశాడు, 'రోమన్ హాలిడే' (1953) కథకి ఆస్కార్ అప్పట్లో ఇంకొకాయనకి పోయింది, ట్రంబో పేరున ఇచ్చింది 1993లో, ఆయన చనిపోయిన 17 ఏళ్లకి. ఆయనకి దారి లేదు, నీకేమొచ్చింది?

ఇంతకీ ఎందుకు రిప్లై ఇస్తున్నానంటే నీ ఆరో పేజీ. సొంతింటి తాళంచెవి జేబులో ఉండి కూడా ఆ పెద్దాయన బెల్ కొట్టి బయటే నుంచుంటాడే, ఒక్క డైలాగ్ లేదు, చదివి కాసేపు అలా ఉండిపోయా. మొత్తం 14 పేజీల్లో నువ్వు నిజంగా రాసిన సీన్ అదొక్కటే. దాని కిందే ఏం రాశావ్? "కోడలు తలుపు తీస్తుంది. ఇద్దరి మధ్య ఎమోషనల్ డిస్కషన్." అంతే! ఆ డిస్కషన్ ఎవరు రాస్తారు, నేనా?

కోడలు తలుపు తీసి ముందు ఆయన మొహం చూసిందా, చేతిలో సంచీ చూసిందా, తాళంచెవి సంగతి ఆమెకి ఎప్పుడు తెలిసింది, అది రాసి పంపు. మూడు పేజీలు చాలు. ఫోన్ మాత్రం చెయ్యకు.