నవంబరు దిగులు, లైటు వైద్యం

ప్రశ్న: మా అమ్మాయి ఉద్యోగరీత్యా అమెరికాలోని మినియాపోలిస్‌లో ఉంటోంది. మూడేళ్లుగా చూస్తున్నాను, నవంబరు వచ్చిందంటే ఎప్పుడూ నిద్ర, నిస్సత్తువ. ఫోన్ చేస్తే ముక్తసరిగా మాట్లాడి పెట్టేస్తుంది. ఏప్రిల్‌కి మళ్లీ మామూలే. నార్మన్ రోసెంతాల్ అనే డాక్టరు పుస్తకం చదివి, ఇప్పుడు రోజూ పెద్ద లైటు ముందు కూర్చుంటోందట. బద్ధకానికి జబ్బు పేరు పెట్టారని మావారు కొట్టిపారేస్తున్నారు. ఇది నిజంగా జబ్బేనా డాక్టరు గారూ?
– ఒక తల్లి, తెనాలి

జవాబు: మీరు చెప్పినదాన్ని బట్టి జబ్బులాగే ఉందమ్మా. మీవారిని మాత్రం ఏమీ అనకండి. డిసెంబరులోనూ 11 గంటల పగలు ఉండే తెనాలిలో కూర్చుంటే ఎవరికైనా అలాగే అనిపిస్తుంది. మినియాపోలిస్‌లో ఆ నెలలో 9 గంటలు కూడా ఉండదు.

రోసెంతాల్ కూడా ఎండలోంచి వెళ్లినవాడే. జొహానెస్‌బర్గ్‌లో పెరిగి 1976లో న్యూయార్క్ చేరాక, చలికాలంలో తనకు పని సాగడం లేదని గమనించారు. తర్వాత అమెరికా జాతీయ మానసిక ఆరోగ్య సంస్థలో చేరి, సహచరులతో కలిసి ఇలా చలికాలంలో కుంగిపోయే 29 మంది రోగుల గురించి 1984లో వ్యాసం ప్రచురించారు. డిప్రెషన్ అంటే నిద్ర పట్టదు, అన్నం సహించదు అనుకుంటాం కదా. వీళ్లలో ఎక్కువమందికి రెండూ పెరిగాయి.

మన మెదడులో, కంటి నరాలు కలిసేచోటికి కాస్త పైన, ఒక గడియారం ఉంది. చాలామందిలో అది రోజూ కొద్ది నిమిషాలు వెనకబడుతుంది. పొద్దుటి వెలుతురు దాన్ని సరిచేస్తుంది. పొద్దు ఆలస్యంగా పొడిచే చోట ఆ సర్దుబాటు కుదరకపోవడమే ఈ దిగులుకు ఒక కారణమని చెబుతారు. మెలటోనిన్ అనే రాత్రి హార్మోన్ ఆగాలంటే గదిలో ఉండే మామూలు వెలుతురు చాలదు, బాగా ప్రకాశవంతమైన లైటు కావాలని 1980లో తేలింది. లైటు వైద్యం అక్కడే మొదలైంది.

మీవారి పక్షాన కూడా ఒక సాక్ష్యం ఉంది. అమెరికాలో 34 వేల మందికి పైగా పాల్గొన్న సర్వేను విశ్లేషించి, డిప్రెషన్‌కు రుతువులతో సంబంధం కనబడలేదని 2016లో కొందరు ప్రకటించారు. నేను దాన్ని తీసిపారేయను. కానీ అది జనం మొత్తం మీద చూసిన లెక్క. ఏటా నవంబరులో పడిపోయి ఏప్రిల్‌లో లేచే మనిషి సంగతి వేరు.

లైటు 10,000 లక్స్‌ది (లక్స్ అంటే వెలుతురును కొలిచే ప్రమాణం), అతినీలలోహిత కిరణాలను ఆపేది అయుండాలి. నిద్ర లేవగానే అరగంట. దానివైపే గుడ్లప్పగించి చూడక్కర్లేదు, ఎదురుగా కూర్చుని కాఫీ తాగుతూ పేపరు చదువుకోవచ్చు. సాయంత్రం పెట్టుకుంటే ఉన్న నిద్ర కూడా చెడుతుంది. రెటీనా జబ్బు ఉంటే ముందు కంటి డాక్టర్ని అడగాలి.

నాకున్న అసలు టెన్షన్ వేరే. రోసెంతాల్ చూసిన ఆ 29 మందిలో చాలామందికి బైపోలార్ సమస్య, అంటే కొన్నాళ్లు దిగులు, కొన్నాళ్లు హద్దు మీరిన హుషారు ఉండే జబ్బు, ఉంది. అలాంటివాళ్లకు లైటు ఒక్కోసారి ఉన్మాదాన్ని ఎగదోస్తుంది. మీ అమ్మాయి వేసవిలో మూడు నాలుగు గంటలే పడుకుని అలసట లేకుండా తిరుగుతుందా? ఎడాపెడా ఖర్చు చేస్తుందా? గుర్తు చేసుకోండి. అవునంటే లైటు ఆపి, వెంటనే సైకియాట్రిస్టును కలవమనండి. కాదన్నా ఒకసారి చూపించుకోవడం మంచిది. థైరాయిడ్ పరీక్ష కూడా చేయించాలి. బతకాలని లేదన్న మాట ఎప్పుడైనా వస్తే మాత్రం అపాయింట్‌మెంట్ కోసం ఆగకూడదు, ఆ రోజే ఆసుపత్రికి.

చలికాలంలో అక్కడ ఉదయం ఏడున్నర అంటే మీకు రాత్రి ఏడు. లైటు ముందు కూర్చునే ఆ అరగంటలో ఫోన్ చేయండి, మీవారికీ ఇవ్వండి.